పాడైన ఫైలుతో బొమ్మ కట్టడం: విశాఖ తీరం నుంచి ఒక గ్లిచ్ ఆర్ట్ మార్గదర్శి

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ విశాఖ మీద పడ్డప్పుడు మా ఇంటి కిటికీ రెక్క ఊడిపోయి, బల్ల మీదున్న కెమెరా రాత్రంతా వాన నీళ్లలో నానింది. కరెంటు వచ్చాక కార్డు ఆరబెట్టి కంప్యూటర్లో పెడితే చాలా ఫోటోలు తెరుచుకోలేదు. ఒకటి మాత్రం తెరుచుకుంది. బీచ్ రోడ్డు మీద నాన్న నిలబడ్డ ఫోటో. భుజాల దాకా బాగానే ఉంది. అక్కణ్నుంచి సముద్రం గులాబీ రంగులోకి మారి, అడ్డంగా నాలుగు ముక్కలై పక్కకు జరిగింది. కింద మూడో వంతు ఉత్త బూడిద రంగు. ఆ తుఫాను గురించి నేను చూసిన ఫోటోలన్నిటిలోనూ నాకు నిజమనిపించింది అదొక్కటే.

ఆ ఫోటో ఎందుకు అలా విరిగిందో తెలుసుకోవాలన్న పట్టుదలతోనే ఈ పనిలోకి వచ్చాను. కంప్యూటరు చేసే తప్పుల్ని కావాలని పుట్టించి, వాటితో బొమ్మ కట్టడాన్ని గ్లిచ్ ఆర్ట్ అంటారు. ఫోన్లో దొరికే గ్లిచ్ ఫిల్టర్లకూ దీనికీ సంబంధం లేదు. ఫిల్టరు ఏ ఫోటో మీదైనా అవే ఎరుపు నీలం అంచులు అతికిస్తుంది. ఇక్కడ మనం ఫైలునే తేడా కొట్టిస్తాం. ఎక్కడ విరగాలో మనం ఎంచుకుంటాం, ఎలా విరగాలో ఫైలు చెబుతుంది.

ఇది మొన్న మొన్న పుట్టిన ఆలోచన కాదు. కొరియాలో పుట్టిన కళాకారుడు నామ్ జూన్ పైక్ 1965లోనే టీవీ పెట్టె మీద పెద్ద అయస్కాంతం పెట్టి, తెర మీద గీతలు వంకర్లు తిరుగుతుంటే దాన్నే కళాఖండంగా చూపించాడు. చిన్నప్పుడు పాత స్పీకరులోంచి ఊడదీసిన అయస్కాంతం టీవీ దగ్గర పెట్టి, మూల ఊదారంగు తిరిగితే పెద్దవాళ్ల చేత తిట్లు తిన్నవాళ్లకు ఆ సంగతి బాగా తెలుసు.

ముందు చేయాల్సినవి

సొంత ఫోటోలతో మొదలుపెట్టండి. అసలు ఫైలును ఎప్పుడూ ముట్టుకోవద్దు. "అసలు", "పని", "పండినవి" అని మూడు ఫోల్డర్లు చేసుకుని, ప్రతిసారీ నకలు మీదే పని చేయండి. ఒక్కో ఫోటోకు పదిహేను ఇరవై నకళ్లు పాడవడం మామూలే. ఐఫోన్ వాడేవాళ్లు కెమెరా సెట్టింగుల్లో ఫార్మాట్ దగ్గర "మోస్ట్ కంపాటిబుల్" ఎంచుకోవాలి, లేకపోతే ఫోటో జేపెగ్‌గా రాదు.

సాఫ్ట్‌వేర్ అంతా ఉచితంగానే దొరుకుతుంది: విండోస్‌తో వచ్చే పెయింట్, ఫోటోలకు గింప్, శబ్దాలకు ఆడాసిటీ, బైట్లు దిద్దడానికి హెచ్‌ఎక్స్‌డీ అనే హెక్స్ ఎడిటర్.

మన ఊళ్లో ఫోటోలు తీసేటప్పుడు ఒక జాగ్రత్త. డాక్‌యార్డు చుట్టుపక్కల, డాల్ఫిన్ నోస్ వైపు నౌకాదళం బోర్డులున్న చోట కెమెరా బయటకు తీయకండి. ఫిషింగ్ హార్బర్‌లో మనుషుల్ని తీయాలంటే ముందు అడగండి, మీరు చేయబోయేది ఏమిటో కూడా చెప్పండి. తన ముఖం చీలికలుగా కనిపించడం ఎవరికైనా నచ్చకపోవచ్చు.

ఫైలు లోపల ఏముందో చూడటం

ఈ అడుగు దాటేస్తే మిగతాదంతా గుడ్డిగా రాయి విసరడమే. ఒక జేపెగ్ ఫోటోను హెక్స్ ఎడిటర్‌లో తెరవండి. బొమ్మ కనపడదు. రెండేసి అక్షరాల జంటలు వేలకు వేలు వరసలు కట్టి ఉంటాయి. ఒక్కో జంట ఒక బైటు. ఏడాదంతా చందనం కింద ఉండే సింహాద్రి అప్పన్న నిజరూపం కోసం అక్షయ తృతీయ నాడు కొండ మీద క్యూలో నిలబడ్డవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు, రోజూ చూసే రూపం కింద ఇంకో రూపం ఉంటుంది. హెక్స్ ఎడిటర్ తెరిచిన ప్రతిసారీ నాకు అదే గుర్తొస్తుంది.

ఫైలు మొదట్లో ఉండే భాగం హెడర్. పొడుగెంత, వెడల్పెంత, ఎలా చదవాలి అన్నది అందులో ఉంటుంది. అది చెడితే ఫైలు అసలు తెరుచుకోదు. మన పనంతా దాని తర్వాతే.

ఏ రకం ఫైలు ఎలా విరుగుతుందో కూడా తెలియాలి. బీఎంపీ ఫైలులో కుదింపు ఉండదు, ఒక్కో పిక్సెల్‌కు మూడు బైట్లు వరసగా పేర్చి ఉంటాయి. అందుకే అది మెత్తగా, ఊహించగలిగేలా విరుగుతుంది. జేపెగ్ ఫోటోను 8 బై 8 పిక్సెళ్ల గళ్లుగా కోసి కుదిస్తుంది. ఒక్క బైటు మారితే ఆ దెబ్బ కింది దాకా పాకుతుంది. పీఎన్‌జీలో ప్రతి ముక్కకూ ఒక తనిఖీ సంఖ్య ఉంటుంది. బైటు మారితే లెక్క తప్పి, చాలా ప్రోగ్రాములు తెరవనే తెరవవు. కాబట్టి కొత్తవాళ్లు పీఎన్‌జీ జోలికి వెళ్లకండి. అది పండిన బొమ్మను దాచుకోవడానికి పనికొస్తుంది.

మొదటి పద్ధతి: ఫోటోను శబ్దంగా వినడం

నాకు అన్నిటికన్నా ఇష్టమైంది ఇదే, కాబట్టి కాస్త వివరంగా చెబుతాను. కంప్యూటరుకు బైట్లన్నీ ఒకటే. ఫోటో బైట్లను శబ్దమని చెప్పి ఆడాసిటీకి ఇస్తే నమ్మేస్తుంది. ఆ శబ్దానికి ఎకో పెట్టి తిరిగి ఫోటోగా తెరిస్తే, ఎకో కంటికి కనిపిస్తుంది.

సముద్రం కింద, ఊరు పైన ఉండే ఫోటో ఒకటి ఎంచుకోండి. నేను ఆర్‌కే బీచ్‌లో మోకాలి లోతు నీళ్లలో నిలబడి ఒడ్డు వైపు తిరిగి తీశాను. కింద అలలు, మధ్యలో ఇసుక, పైన బీచ్ రోడ్డు, అపార్టుమెంట్లు. గింప్‌లో దాన్ని సరిగ్గా 1400 పిక్సెళ్ల వెడల్పు, 1000 పిక్సెళ్ల ఎత్తుకు తీసుకురండి. పెయింట్‌లో తెరిచి 24 బిట్ బిట్‌మ్యాప్‌గా, అంటే బీఎంపీగా, సేవ్ చేయండి. ఈ కొలతలకు కారణముంది, కిందికి వచ్చేసరికి తెలుస్తుంది.

ఆడాసిటీలో ఫైల్ మెనూ, ఇంపోర్ట్, రా డేటా. ఎన్‌కోడింగ్ దగ్గర యూ-లా, ఛానల్స్ దగ్గర మోనో, శాంపుల్ రేటు 44100 పెట్టండి. ఫోటో 95 సెకన్ల శబ్దంగా తెరుచుకుంటుంది. వినాలనుకుంటే ముందు వాల్యూమ్ బాగా తగ్గించండి, గరగరమని చెవులు చిల్లులు పడతాయి. అయినా ఒకసారి వినమనే చెబుతాను. ఆకాశం వచ్చేసరికి శబ్దం నున్నగా సాగుతుంది, భవనాల దగ్గర కరకరలాడుతుంది.

పెయింట్‌లో దాచిన బీఎంపీకి మొదటి 54 బైట్లు హెడర్. అంటే శబ్దంలో సెకనులో వెయ్యో వంతు కన్నా ఒక పిసరు ఎక్కువ. దాన్ని తప్పించడానికి మొదటి అర సెకను వదిలేసి, మిగతాదంతా సెలెక్ట్ చేయండి. ఎఫెక్ట్ మెనూలో ఎకో తీసుకోండి.

ఇప్పుడు లెక్క. 1400 పిక్సెళ్లు, ఒక్కోదానికి మూడు బైట్లు. అడ్డ వరసకు 4200 బైట్లు. ఆడాసిటీ సెకనుకు 44100 బైట్లు చదువుతోంది. రెండు సెకన్లకు 88200, అంటే సరిగ్గా 21 వరసలు. ఎకో ఆలస్యం 2 సెకన్లు పెడితే బొమ్మ నీడ పక్కకు ఒరగకుండా తిన్నగా 21 వరసలు జరుగుతుంది. ఒక సెకను పెడితే పదిన్నర వరసలు, అంటే నీడ సగం వెడల్పు పక్కకు కూడా జరిగిపోతుంది. 0.01 సెకను పెడితే 441 బైట్లు, అంటే 147 పిక్సెళ్లు కుడివైపుకు. మూడుతో భాగింపబడే అంకెలే వాడుతున్నాం కాబట్టి రంగులు చెదరవు. ఆ నియమం తప్పిస్తే నీలం బైటు ఆకుపచ్చ స్థానంలోకి వెళ్లి రంగులు తారుమారవుతాయి. కావాలనుకున్నప్పుడు అదీ ఒక దారే.

నీడ ఎటు జరుగుతుందన్నది ఇంకా ముఖ్యం. బీఎంపీ ఫైలు బొమ్మను కింద నుంచి పైకి రాసుకుంటుంది. ఫైలులో మొదట వచ్చేది బొమ్మ అడుగు వరస. అందుకని ఎకో పైకి ఎక్కుతుంది. నేను ఆలస్యం 20 సెకన్లు, తగ్గుదల (డికే, అంటే ఒక్కో ఎకో ముందుదాని బలంలో ఎంత ఉండాలన్నది) 0.5 పెట్టాను. 20 సెకన్లంటే 210 వరసలు. అలలు ఇసుక దాటి 210 వరసలు పైకి వచ్చాయి, అందులో సగం బలంతో మరో 210 ఎక్కి రోడ్డు మీదకి, ఆ తర్వాత అపార్టుమెంట్ల బాల్కనీల్లోకి. ఏ బ్రష్షూ వాడలేదు. ఫైలు తన అలవాటు ప్రకారం తాను పేర్చుకుంది, సముద్రం ఊళ్లోకి వచ్చింది. హుద్‌హుద్ చూసినవాళ్లకు ఆ బొమ్మ చూపిస్తే ఎవరూ ఇది టెక్నిక్ అనుకోలేదు. విషయమూ విరుపూ ఒకే దిక్కుకు నడిస్తే ఇలా ఉంటుంది. ఫోటో ఎంచుకునేటప్పుడే ఇది ఆలోచించుకోవాలి.

తిరిగి ఫోటోగా మార్చడానికి ఎక్స్‌పోర్ట్ ఆడియోలో "అదర్ అన్‌కంప్రెస్డ్ ఫైల్స్" ఎంచుకుని, హెడర్ దగ్గర రా, ఎన్‌కోడింగ్ దగ్గర మళ్లీ యూ-లా, మోనో, 44100 పెట్టండి. వచ్చిన ఫైలు పేరు చివర బీఎంపీ పొడిగింపు పెట్టి తెరవండి. తెరుచుకోకపోతే నూటికి తొంభై సార్లు హెడర్ కూడా సెలెక్షన్‌లో పడిందని అర్థం.

ఎకో ఒక్కటే కాదు. రెవెర్బ్ పెడితే పొగమంచు పట్టినట్టు అవుతుంది. ఫేజర్, వావా పెడితే అడ్డంగా రంగు పట్టీలు పడతాయి. బొమ్మ మొత్తానికి కాకుండా ఆరేడు సెకన్ల ముక్కకు మాత్రమే పెట్టి చూడండి. ఎక్కువ సార్లు అదే బాగుంటుంది.

రెండో పద్ధతి: జేపెగ్‌లో ఒక్క బైటు

ఫోన్లో తీసిన జేపెగ్‌ను సూటిగా దిద్దబోతే చాలామంది ఒకచోట దెబ్బతింటారు. ఆ ఫైలు మొదట్లో ఒక చిన్న నమూనా ఫోటో దాగి ఉంటుంది. దానికీ సొంత గుర్తులు ఉంటాయి. మీరు దిద్దింది ఆ చిన్న ఫోటోనే అయితే అసలు బొమ్మలో ఏ మార్పూ కనపడదు. అందుకని ముందు గింప్‌లో తెరిచి, జేపెగ్‌గా ఎక్స్‌పోర్ట్ చేస్తూ నాణ్యత 90 పెట్టండి. ఎగ్జిఫ్, థంబ్‌నెయిల్, ప్రోగ్రెసివ్ టిక్కులు తీసేయండి. అసలు ఫోటో సెట్టింగులు వాడుకోమనే టిక్కు కూడా.

ఇప్పుడు హెక్స్ ఎడిటర్‌లో "ఎఫ్‌ఎఫ్ డీఏ" అనే రెండు బైట్లు వెతకండి. అక్కడ బొమ్మ డేటా మొదలవుతుంది. ఒక పాతిక బైట్లు వదిలేసి, ఆపైన ఎక్కడైనా ఒక బైటు మార్చండి. ఒక్కటే. సేవ్ చేసి తెరిచి చూడండి. మొదటి గడుల్లో మారిస్తే బొమ్మంతా మారుతుంది, మధ్యలో మారిస్తే అక్కణ్నుంచి కిందికి. కారణం ఇది: జేపెగ్ ప్రతి గడి సగటు వెలుగునూ రంగునూ విడిగా రాయదు, ముందు గడికీ దీనికీ ఉన్న తేడా మాత్రమే రాస్తుంది. ఒకచోట తేడా తప్పుగా పడితే ఆ తర్వాతి గళ్లన్నీ ఆ తప్పును మోసుకుంటూ పోతాయి. పైగా కోడు చదివే లయ తప్పి గళ్లు పక్కకు జరుగుతాయి. నాన్న ఫోటోలో సముద్రం గులాబీ అయి ముక్కలుగా జరగడానికి కారణం అదే. కింది బూడిద రంగు, కార్డు మీద అసలు దొరకని డేటా.

ఒక హెచ్చరిక: డేటాలో "ఎఫ్‌ఎఫ్" అని మాత్రం రాయకండి. దాన్ని కొత్త గుర్తు అనుకుని చదవడం అక్కడితో ఆగిపోవచ్చు.

దీనికన్నా లోతైన దెబ్బ ఇంకోటి ఉంది, చాలామంది వాడరు. ఫైలు మొదట్లో "ఎఫ్‌ఎఫ్ డీబీ 00 43 00" అనే వరస వెతకండి. దాని వెనకే 64 బైట్లుంటాయి. గళ్లను కుదించడానికి వాడిన కొలబద్ద అది. గింప్‌లో నాణ్యత 90 పెట్టి ఉంటే మొదటి బైటు 03 ఉంటుంది. దాన్ని 09 చేయండి. ప్రతి గడి సగటు వెలుగూ మూడు రెట్లు అటో ఇటో తోసుకుపోతుంది. తెలుపు మండుతుంది, నలుపు గడ్డకడుతుంది, 8 బై 8 గళ్ల అంచులు బయటపడతాయి. అదే వరస చివర 00 బదులు 01తో మళ్లీ వచ్చే చోట ఉన్నది రంగుల కొలబద్ద. అక్కడ మొదటి బైటును 09 చేస్తే రంగులు మూడు రెట్లవుతాయి. భీమిలి దారిలోని ఎర్రమట్టి దిబ్బల ఫోటో మీద ఇది చేసినప్పుడు, మట్టిలో మామూలు కంటికి ఒకటిగానే కనిపించే ఎరుపు ఆరేడు రకాలుగా విడిపోయింది, గడికో రంగు చొప్పున. 64లో చివరి బైట్లు పెంచితే ప్రతి గడిలోనూ చాప అల్లికలాంటి సన్నని చారలు తేలతాయి. ఫోటో సన్నని వివరాలున్న చోటే ఆ చారలు వస్తాయి, నున్నటి ఆకాశంలో రావు. అందుకే ఒడ్డున ఆరేసిన వలల ఫోటోలు దీనికి బాగా పండుతాయి.

వేగంగా ఇంకో మూడు దారులు

పిక్సెల్ సార్టింగ్ అంటే వరసలోని పిక్సెళ్లను వెలుగు ప్రకారం చిన్నా పెద్దా పేర్చడం. కిమ్ అజెండార్ఫ్ అనే జర్మన్ కళాకారుడు 2010లో దీనికి ప్రాసెసింగ్ అనే ప్రోగ్రామింగ్ భాషలో ఒక స్క్రిప్టు రాసి అందరికీ ఇచ్చాడు, వ్యాప్తిలోకి వచ్చింది అప్పుడే. బొమ్మంతా సార్ట్ చేస్తే రంగుల తెర తప్ప ఏమీ మిగలదు. ఒక మోతాదు కన్నా వెలుగున్న పిక్సెళ్లను మాత్రమే సార్ట్ చేయించండి. కైలాసగిరి మీద నుంచి రాత్రి తీసిన ఫోటోలో వీధి దీపాలు మాత్రమే కారిపోయి, కొండలు కదలకుండా నిలుస్తాయి.

వీడియోకు డేటామోషింగ్. వీడియోలో అప్పుడప్పుడూ మాత్రమే పూర్తి బొమ్మ ఉంటుంది, మధ్యలో అంతా ఏది ఎటు కదిలిందన్న సూచనలే. మొదటి ముక్కగా కదలని ఇల్లు, రెండో ముక్కగా రుషికొండ అలలు పెట్టి, రెండో ముక్క మొదట్లో ఉన్న పూర్తి బొమ్మను తీసేస్తే, ఇల్లు అలలా కదలడం మొదలుపెడుతుంది. వీడియోను ఎక్స్‌విడ్ అనే కుదింపు పద్ధతిలోకి మార్చుకోవాలి, బీ ఫ్రేములు (ముందూ వెనకా ఫ్రేములు రెండూ చూసి కట్టేవి) సున్నా పెట్టాలి, ఆ తర్వాత అవిడెమక్స్ అనే వీడియో ఎడిటర్ పాత 2.5 వరస వెర్షన్‌లో ఫ్రేము తీసేసి కాపీ మోడ్‌లో సేవ్ చేయాలి. మూడు నాలుగు సెకన్లు చాలు, అంతకన్నా సాగితే బురద.

కంప్యూటరే వద్దనుకుంటే ఇంట్లో స్కానర్ ఉన్నా సరిపోతుంది. స్కానర్ దీపం నెమ్మదిగా నడుస్తుండగా గాజు మీద మల్లెదండను అదే దిక్కుకు, దానికన్నా కాస్త నెమ్మదిగా లాగండి. మూర దండ బారెడవుతుంది.

దాచుకోవడం, అచ్చు వేయించడం

విరిగిన ఫైలు ఒక్కో ప్రోగ్రాములో ఒక్కోలా కనిపిస్తుంది. ఫోన్లో గులాబీగా ఉన్నది కంప్యూటర్లో పచ్చగా ఉండొచ్చు, ఇంకోచోట అసలు తెరుచుకోకపోవచ్చు. మీకు నచ్చిన రూపం ఎక్కడ కనిపించిందో అక్కడే దాన్ని పీఎన్‌జీగా ఎక్స్‌పోర్ట్ చేసుకోండి, కుదరకపోతే స్క్రీన్‌షాట్ తీసుకోండి. విరిగిన ఫైలు కూడా విడిగా దాచండి. వాట్సాప్‌లో పంపాలంటే డాక్యుమెంట్‌గా పంపండి. ఫోటోగా పంపితే మళ్లీ కుదించి మీ గళ్లకు దాని గళ్లు కలుపుతుంది.

అచ్చుకు పెద్దది చేసేటప్పుడు గింప్ స్కేల్ ఇమేజ్‌లో ఇంటర్‌పొలేషన్ "నన్" పెట్టి, సరిగ్గా మూడు రెట్లో నాలుగు రెట్లో చేయండి. లేకపోతే గళ్ల అంచులు అలుక్కుపోతాయి. 1400 బై 1000 బొమ్మ మూడు రెట్లయితే 4200 బై 3000. అంగుళానికి 300 చుక్కల చొప్పున 14 బై 10 అంగుళాల అచ్చు వస్తుంది.

షాపులో మాట్లాడుకోవడం కూడా పనిలో భాగమే. నా మొదటి పెద్ద అచ్చుకు ఒక ఫ్లెక్సు షాపులో ఫైలు ఇచ్చి ఇంటికొచ్చేశాను. సాయంత్రం కుర్రాడు ఫోన్ చేశాడు. "మాస్టారూ, మీ ఫైలు తేడా కొట్టేసినాదండి. గీతలు గీతలుగా వస్తంది. నాను సరి సేసీసినాను లెండి." వెళ్లి చూస్తే గళ్లన్నీ నున్నగా అలికేసి, రంగులు సరిచేసి ఉన్నాయి. పాపం గంటసేపు కష్టపడ్డాడు. అసలు ఫైలు తెరిచి, ఎకో ఎలా పైకి ఎక్కిందో చూపించాను. "అయితే సముద్రం కావాలనే ఎక్కించినారా" అని దగ్గరకొచ్చి చూశాడు, తర్వాత రెండో అచ్చు డబ్బుల్లేకుండా వేసిచ్చాడు. అప్పట్నుంచి ఫైలుతో పాటు ఒక కాగితం కూడా ఇస్తున్నాను: "ఇందులో గీతలు, గళ్లు, రంగుల మార్పులు కావాలని చేసినవి. ఏదీ సరిచేయవద్దు. నూటికి నూరు శాతం కొలతలో వేయండి." పక్కనే చేతి వెడల్పు నమూనా ఒకటి ముందు వేయించుకుని వెలుతురులో చూసుకుంటాను.

ప్రతి అచ్చు వెనక పెన్సిల్‌తో ఏం చేశానో రాస్తాను. మళ్లీ అదే విరుపు కావాలంటే అది తప్ప దారి లేదు. బీచ్ రోడ్డు బొమ్మ వెనక ఇలా ఉంటుంది: "బీఎంపీ, 1400 బై 1000. యూ-లా, మోనో, 44100. మొదటి అర సెకను వదిలి ఎకో 20, 0.5. ఒక్కసారే."